మూడు క్లాసుల సంగీతం: జానీ క్యాష్ జీవితం



ఈ నెల ఒక గాయకుడి గురించి తెలుసుకుందాం. ఆయన పేరు జానీ క్యాష్. అమెరికాలో కంట్రీ మ్యూజిక్ అని ఒక పాటల సంప్రదాయం ఉంది. దక్షిణాది పల్లెల్లో వ్యవసాయం చేసుకునే కుటుంబాల మధ్య పెరిగిన సంగీతం అది. గిటార్, ఫిడేలు, బాంజో పట్టుకుని పాడతారు. పంట, రైలు, ప్రేమ, జైలు, చావు, దేవుడు అన్నీ ఆ పాటల్లో ఉంటాయి. అదే పల్లెల్లో చర్చిలో పాడుకునే భక్తి పాటల్ని గాస్పెల్ అంటారు. ఈ రెండింటిలోనూ పాటలు రాసి, పాడి, పెద్ద పేరు తెచ్చుకున్నవారు జానీ క్యాష్. కంట్రీ మ్యూజిక్ హాల్ ఆఫ్ ఫేమ్, రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్, గాస్పెల్ మ్యూజిక్ హాల్ ఆఫ్ ఫేమ్ మూడింటిలోనూ ఆయన పేరు ఉంది.

తల్లిదండ్రులుగా మనం ఆయన గురించి తెలుసుకోవాల్సిన విషయం మాత్రం ఆయనకు పేరు రాకముందే, ఒక పత్తి రైతు ఇంట్లో జరిగింది. అందుకే ముందు ఆ ఇంటి సంగతి చూద్దాం.

పత్తి చేలో బాల్యం

1932 ఫిబ్రవరి 26న అర్కాన్సా రాష్ట్రంలోని కింగ్స్‌లాండ్ అనే చిన్న ఊళ్లో ఆ పిల్లవాడు పుట్టాడు. తండ్రి రే క్యాష్, తల్లి క్యారీ. ఏడుగురు పిల్లల్లో నాలుగోవాడు. ఏ పేరు పెట్టాలో అమ్మానాన్నలకు కుదరలేదు. చివరికి జె.ఆర్. అని రెండు అక్షరాలతో సరిపెట్టారు. ఆ అక్షరాలకు వేరే విస్తరణ ఏమీ లేదు. అదే అతని పూర్తి పేరు.

అవి అమెరికాలో మహామాంద్యం రోజులు. పత్తి ధర పడిపోయింది, పనులు లేవు. 1934లో ప్రభుత్వం పేద రైతుల కోసం డయెస్ అనే చోట ఒక కాలనీ మొదలుపెట్టింది. ఎంపికైన కుటుంబాలకు ఇల్లు, పొలం ఇచ్చి, పంట మీద మెల్లగా అప్పు తీర్చుకోమంది. క్యాష్ కుటుంబానికి 20 ఎకరాలు వచ్చాయి. ఆ పొలమంతా చిత్తడి నేల, చెట్లు, పొదలు. తండ్రి, పెద్ద కొడుకు కలిసి నరికి, వేళ్లు పీకి, దుక్కికి తెచ్చారు.

అయిదేళ్లు వచ్చేసరికి జె.ఆర్. కూడా చేలోకి వెళ్లాడు. మొదట పని చేసేవాళ్లకు నీళ్లు అందించేవాడు. కొంచెం పెద్దయ్యాక పత్తి తీసేవాడు. ఎండిన పత్తికాయ అంచులు వేళ్లను ఎలా గీరుకుపోతాయో గుంటూరు, వరంగల్, ఆదిలాబాద్ వైపు కుటుంబాలకు మనం చెప్పనక్కర్లేదు. 1937లో వరద వచ్చి వాళ్లు ఇల్లు వదిలి వెళ్లాల్సి వచ్చింది. 22 ఏళ్ల తర్వాత ఆ వరద మీద ఆయన ఒక పాట రాశారు. అందులో నీళ్లు అడుగు అడుగుగా పెరుగుతూ ఉంటాయి.

పనిలో అలసట తెలియకుండా ఆ కుటుంబం పాడుకునేది. తల్లికి గిటార్ వచ్చు. ఆమె దగ్గర పాత కీర్తనల పుస్తకం ఒకటి ఉండేది. రాత్రిపూట బ్యాటరీ రేడియోకు చెవి ఆనించి జె.ఆర్. దూరదూరపు స్టేషన్ల పాటలు వినేవాడు. తండ్రికి అది నచ్చేది కాదు. పాటలు అన్నం పెట్టవని, రేడియో ముందు టైమ్ వేస్ట్ చేస్తున్నాడని కోప్పడేవాడు. అదే గదిలో బల్ల దగ్గర కూర్చుని అన్న జాక్ బైబిల్ చదువుకుంటూ ఉండేవాడు.

అన్నయ్య జాక్

జాక్ వయసులో రెండేళ్లకు పైగా పెద్ద. పెద్దయ్యాక పాస్టర్ కావాలని అప్పటికే నిర్ణయించుకున్నాడు. బాధ్యత తెలిసిన పిల్లవాడని ఊళ్లో అందరికీ గురి. జె.ఆర్.కి అన్నంటే ప్రాణం. అన్నను చూసే అతను మంచీ చెడూ నేర్చుకున్నాడు.

1944 మే నెలలో ఒక శనివారం. స్కూల్లో ఉన్న చెక్కపని షెడ్డులో కంచె గుంజలు కోసే పని జాక్‌కు దొరికింది. వచ్చే కొద్ది డాలర్లు ఇంటికి అవసరం. తనతో చేపలు పట్టడానికి రమ్మని తమ్ముడు బతిమాలాడు. జాక్ పనికే వెళ్లాడు. తిరిగే రంపం అతని పొట్టను చీల్చేసింది. వారం రోజులు మృత్యువుతో పోరాడి మే 20న చనిపోయాడు. అప్పటికి జె.ఆర్. వయసు 12.

అంత్యక్రియల మరునాడే కుటుంబమంతా మళ్లీ చేలోకి దిగిందని ఆయన ఆత్మకథలో రాసుకున్నారు. పంట ఆగదు. తల్లి కాసేపు పనిచేసి మట్టిలోనే మోకాళ్ల మీద కూలబడిపోయేది. మళ్లీ లేచి ఇంకో సాలు అందుకునేది.

తండ్రి దుఃఖం ఇంకో దారి పట్టింది. అన్న చావుకు తమ్ముణ్ణి తప్పుబట్టాడని, పోయింది మంచి కొడుకు, మిగిలింది ఇంకొకడు అన్న భావం ఆయన మాటల్లో ఉండేదని కుటుంబంలోని వారు తర్వాత చెప్పారు. ప్రమాదంలో ఆ పన్నెండేళ్ల పిల్లవాడి తప్పు ఏమీ లేదు. అయినా ఆ నేరభావం అతన్ని వదల్లేదు. కొడుకును పోగొట్టుకున్న తండ్రి బాధను మనం అర్థం చేసుకోగలం. ఆ బాధలో నోరు జారిన మాటను మిగిలిన కొడుకు జీవితాంతం మోశాడన్నది కూడా అంతే నిజం.

అమ్మ పెట్టించిన సంగీతం క్లాసు

అదే ఇంట్లో ఇంకో మనిషి ఇంకో పని చేసింది. జె.ఆర్.కి టీనేజ్‌లో గొంతు మారింది. ఒకరోజు బయట నుంచి పాడుకుంటూ వస్తుంటే ఆ లోతైన గొంతు తన కొడుకుదేనా అని తల్లి ఆశ్చర్యపోయింది. అది దేవుడు ఇచ్చిన వరమని ఆమె నమ్మింది. అప్పటి నుంచి అతని గొంతును వరం అనే పిలిచేది.

నమ్మి ఊరుకోలేదు. సంగీతం టీచర్ దగ్గర చేర్పించింది. ఆ ఫీజు కోసం ఇతరుల బట్టలు ఉతికి డబ్బు కూడబెట్టింది. పత్తి చేనులో పని, ఇంట్లో పని, దాని మీద ఈ పని.

మొదటి రెండు క్లాసులు మామూలుగానే జరిగాయి. టీచర్ నేర్పిన పద్ధతిలో పాడాడు. మూడో క్లాసులో ఆమె పియానో మూసేసి, నీకు ఇష్టమైన పాట నీకు నచ్చినట్టు పాడమంది. అతను గిటార్ తోడు లేకుండానే ఒక కంట్రీ పాట పాడాడు. విన్నాక ఆమె చెప్పిన దాని సారాంశం ఇది: ఇక క్లాసులకు రావద్దు, ఈ గొంతును తనతో సహా ఎవరినీ మార్చనివ్వద్దు.

ఆయన సంగీతం చదువు అక్కడితో అయిపోయింది. మూడు క్లాసులు మాత్రమే. ఆ టీచర్‌కు ప్రతి వారం వచ్చే ఫీజు పోయింది. ఆమె తన దగ్గరకొచ్చిన పిల్లవాణ్ణి నిజంగా విన్నది కాబట్టే ఆ మాట చెప్పగలిగింది.

రెండు అక్షరాలు జాన్ అయ్యాయి

1950లో స్కూలు చదువు పూర్తి చేసి, కొద్దిరోజులు మిచిగన్‌లో కార్ల ఫ్యాక్టరీలో పనిచేసి, ఆ ఏడాది జూలైలో అమెరికా ఎయిర్‌ఫోర్స్‌లో చేరారు. ఉత్త అక్షరాలను పేరుగా రాసుకోబోమని అక్కడివాళ్లు అనడంతో జె.ఆర్. కాస్తా జాన్ ఆర్. క్యాష్ అయ్యారు. పోస్టింగ్ పశ్చిమ జర్మనీలోని లాండ్స్‌బర్గ్. సోవియట్ సైన్యం పంపే మోర్స్ కోడ్ సందేశాలను విని రాసుకోవడం ఆయన ఉద్యోగం. చిన్నప్పుడు రేడియోకు ఆనించిన చెవి ఇక్కడ పనికొచ్చింది. మొదటి గిటార్ అక్కడే కొన్నారు. తోటి సైనికులతో చిన్న బృందం కట్టారు. ఫోల్సమ్ జైలు మీద తీసిన ఒక సినిమా చూసి, ఖైదీ గొంతుతో ఒక పాట రాశారు. అందులో రాగం, కొన్ని చరణాల పోలిక గోర్డన్ జెంకిన్స్ అనే సంగీతకారుడి పాట నుంచి తీసుకున్నవే. చాలా ఏళ్ల తర్వాత దానికి ఆయన పరిహారం చెల్లించాల్సి వచ్చింది.

1954లో తిరిగొచ్చి వివియన్ లిబర్టోను పెళ్లి చేసుకుని మెంఫిస్‌లో కాపురం పెట్టారు. ఇంటింటికీ తిరిగి ఫ్రిజ్‌లు, వాషింగ్ మెషిన్ల వంటివి అమ్మే ఉద్యోగం. అమ్మకాలు అంతంతమాత్రం. సాయంత్రాలు మార్షల్ గ్రాంట్, లూథర్ పెర్కిన్స్ అనే ఇద్దరు కార్ల మెకానిక్‌లతో కలిసి పాడేవారు. ఆ ఇద్దరికీ వాయిద్యాలు అంతంతమాత్రమే వచ్చు. వచ్చిన నాలుగు స్వరాల్నే మళ్లీ మళ్లీ వాయించడంతో రైలు చక్రాల చప్పుడులాంటి లయ పుట్టింది. తర్వాత అదే వాళ్ల గుర్తింపు అయింది.

సన్ రికార్డ్స్ యజమాని శామ్ ఫిలిప్స్ దగ్గరకు వెళ్లి గాస్పెల్ పాటలు పాడతానన్నారు. అవి అమ్ముడుపోవని ఫిలిప్స్ ఒప్పుకోలేదు. సొంత కంట్రీ పాటలతో తిరిగి వెళ్లారు. 1955లో మొదటి రికార్డు వచ్చింది. 1956లో భార్యకు నిజాయితీగా ఉంటానని మాటిస్తూ రాసిన పాట 'ఐ వాక్ ద లైన్' కంట్రీ చార్టుల్లో మొదటి స్థానానికి వెళ్లింది. అమ్మ పుస్తకంలోని పాటల్ని మాత్రం ఆయన మర్చిపోలేదు. భక్తి పాటల ఆల్బమ్ చేయనిస్తామన్నందుకు కూడా 1958లో కొలంబియా రికార్డ్స్‌కు మారారు. మరుసటి ఏడాదే ఆ ఆల్బమ్ వచ్చింది.

పడిపోయిన ఏళ్లు

ఏడాది పొడవునా కచేరీలు, రాత్రంతా కారు ప్రయాణాలు. నిద్ర రాకుండా ఉండటానికి మొదలుపెట్టిన మాత్రలు వ్యసనమయ్యాయి. 1965 ఆయనకు చాలా చెడ్డ సంవత్సరం. నాష్‌విల్‌లోని ప్రసిద్ధ వేదిక గ్రాండ్ ఓల్ ఆప్రీలో స్టేజీ లైట్లు పగలగొట్టారు. మళ్లీ రావద్దని వాళ్లు చెప్పేశారు. కాలిఫోర్నియాలో ఆయన వాహనం వల్ల అడవికి నిప్పంటుకుంది. 500 ఎకరాలకు పైగా కాలిపోయింది. ప్రభుత్వం కేసు వేసి నష్టపరిహారం రాబట్టింది. అక్టోబరులో టెక్సాస్‌లోని ఎల్ పాసోలో వందల మాత్రలతో పోలీసులకు దొరికారు. చేతులకు బేడీలతో ఆయన ఫొటో పేపర్లలో వచ్చింది.

ఇంటి దగ్గర నలుగురు ఆడపిల్లలు. వాళ్లకు నాన్న రేడియోలో ఎక్కువ, ఇంట్లో తక్కువ. వివియన్‌తో ఆ వివాహం విడాకులతో ముగిసింది. తండ్రి మాటతో గాయపడిన మనిషి తన పిల్లల పక్కన కూడా చాలా ఏళ్లు ఉండలేకపోయారు. ఇది దాచాల్సిన విషయమేమీ కాదు. ఆయనే తన పుస్తకాల్లో ఒప్పుకున్నారు.

1967లో మాత్రలు మానే ప్రయత్నం గట్టిగా మొదలైంది. తోటి గాయని జూన్ కార్టర్, ఆమె తల్లిదండ్రులు ఆయన ఇంట్లోనే మకాం పెట్టి కాపలా కాశారు. జూన్ పాటల కుటుంబంలో పుట్టిన అమ్మాయి. చిన్నప్పుడు డయెస్‌లో జె.ఆర్. రేడియోలో విన్న కార్టర్ ఫ్యామిలీ వాళ్లదే. 1968 మార్చి 1న జాన్, జూన్ పెళ్లి చేసుకున్నారు. వ్యసనం అంతటితో పూర్తిగా వదిలిందని చెప్పలేం. 1980లలో మళ్లీ తిరగబెట్టింది, చికిత్స తీసుకున్నారు. పడటం, లేవటం ఆయన జీవితంలో చాలాసార్లు జరిగాయి.

జైల్లో పాట

1968 జనవరి 13న కాలిఫోర్నియాలోని ఫోల్సమ్ జైల్లో ఖైదీల ముందు ఆయన కచేరీ చేశారు. కొన్ని రాత్రులు లాకప్‌లో గడిపారే తప్ప జైలు శిక్ష ఎప్పుడూ అనుభవించలేదు. కానీ తప్పు చేసినవాడు అన్న ముద్రతో బతకడం ఎలా ఉంటుందో పన్నెండేళ్ల నుంచీ తెలిసిన మనిషి. ఖైదీలకు ఆయన నీతిబోధ చేయలేదు. పాడారు, జోకులు వేశారు. ముందు రోజు రాత్రే చేతికొచ్చిన ఒక ఖైదీ రాసిన పాటను నేర్చుకుని చివర్లో పాడారు. ఆ పాట జైల్లోని ప్రార్థనా మందిరం గురించి. రాసిన గ్లెన్ షెర్లీ ముందు వరుసలో కూర్చుని ఉన్నాడు. తన పాట పాడతారని అతనికి తెలియదు.

ఆ రికార్డింగ్ ఆల్బమ్‌గా వచ్చి దేశమంతా వినిపించింది. మరుసటి ఏడాది శాన్ క్వెంటిన్ జైల్లో చేసిన కచేరీ ఇంకా పెద్ద విజయం. ఆ జైల్లో అంతకు కొన్నేళ్ల ముందు ఆయన పాడినప్పుడు విన్న ఖైదీల్లో మెర్ల్ హ్యాగర్డ్ అనే యువకుడు ఉన్నాడు. బయటికొచ్చాక అతనూ కంట్రీ మ్యూజిక్‌లో మహా గాయకుడయ్యాడు. 1972లో జానీ క్యాష్ అమెరికా సెనెట్ సబ్‌కమిటీ ముందు హాజరై జైళ్లను సంస్కరించాలని, చిన్న వయసు ఖైదీలను కరడుగట్టిన నేరస్తులతో కలిపి ఉంచొద్దని వాదించారు. స్టేజీ మీద ఎప్పుడూ నల్ల బట్టలే వేసుకునేవారు. పేదలు, ఖైదీలు, పట్టించుకునేవాళ్లు లేని ముసలివాళ్ల కోసం అని 1971లో ఒక పాటలో ఆ రంగుకు కారణం చెప్పారు.

విశ్వాసం కూడా ఆ ఏళ్లలో గట్టిపడింది. సొంత డబ్బుతో ఇజ్రాయెల్‌లో యేసు జీవితం మీద సినిమా తీశారు. అది 1973లో విడుదలైంది. 1986లో పౌలు అపొస్తలుడి మీద నవల రాశారు.

ఆ 1973లోనే పెద్ద కూతురు రోజాన్ స్కూలు చదువు పూర్తి చేసి ఆయన వెంట కచేరీలకు వెళ్లింది. తనకు తెలియని పాటలు చాలా ఉన్నాయని గ్రహించి, తప్పకుండా తెలుసుకోవాల్సిన 100 కంట్రీ పాటల జాబితా రాసిచ్చారు. ఆమె ఆ కాగితాన్ని దాచుకుంది. 36 ఏళ్ల తర్వాత, తండ్రి పోయాక, అందులోంచి 12 పాటలు పాడి ఆల్బమ్‌గా తెచ్చింది. పోయిన ఏళ్లు తిరిగి రావు. అయినా ఒక తండ్రి ఆలస్యంగానైనా కూతురి పక్కన కూర్చుని ఇచ్చినది ఆమెకు దారి చూపింది.

ఒక గిటార్, ఒక గొంతు

1980లలో మార్కెట్ మారింది. 1986లో కొలంబియా కంపెనీ ఆయనతో కాంట్రాక్టు వదులుకుంది. ఇక పాతతరం గాయకుడని చాలామంది అనుకున్నారు. అప్పుడు రిక్ రూబిన్ అనే యువ నిర్మాత వచ్చారు. ఆయన చేసిన పని చాలా సింపుల్. తన ఇంటి హాల్లో జానీ క్యాష్‌ను కూర్చోబెట్టి, చేతికి గిటార్ ఇచ్చి, నచ్చిన పాటలు పాడమన్నారు. డయెస్‌లో సంగీతం టీచర్ మూడో క్లాసులో చేసింది కూడా అదే కదా! 1994లో వచ్చిన ఆ ఆల్బమ్‌కు గ్రామీ అవార్డు వచ్చింది. మనవళ్ల వయసు పిల్లలు ఆయన పాటలు వినడం మొదలుపెట్టారు.

2003 మే 15న జూన్ చనిపోయారు. నాలుగు నెలల్లోనే, సెప్టెంబరు 12న, 71 ఏళ్ల వయసులో జానీ క్యాష్ కన్నుమూశారు. ఆ చివరి నెలల్లో చూపు మందగించి, చక్రాల కుర్చీలో ఉండి కూడా పాటలు రికార్డు చేస్తూనే ఉన్నారు.

ఆయన పోయాక 2004లో ఒక ఆల్బమ్ విడివిడిగా విడుదలైంది. తల్లి క్యారీ దగ్గరున్న కీర్తనల పుస్తకంలోని పాటలు, ఒక్క గిటార్‌తో పాడినవి. తన రికార్డులన్నింటిలో అదే తనకు ఎక్కువ ఇష్టమని ఆయన చెప్పుకున్నారు. అన్న జాక్‌ను కూడా చివరిదాకా మర్చిపోలేదు. కలలో కనిపించేవాడని, తనతోపాటే అతని వయసూ పెరుగుతూ వచ్చేదని, ఏదైనా తేల్చుకోలేనప్పుడు జాక్ అయితే ఏం చేసేవాడా అని ఆలోచించేవాడినని రాసుకున్నారు.

మన ఇళ్లలో

ఇలాంటి జీవితాలు చదివినప్పుడు, నాన్న అన్న మాట వల్లే ఆయన అంత ఎదిగారని కొందరు అంటారు. ఆ మాట వల్ల ఎదిగినట్టు ఆయన కథలో ఎక్కడా కనిపించదు. ఆయన్ను పాటవైపు నడిపించింది అమ్మ ఉతికిన బట్టలు, టీచర్ విన్న మూడో క్లాసు. నాన్న మాట మాత్రం బరువుగానే మిగిలింది.

త్వరలో రిపోర్ట్ కార్డులు మీ చేతికి వస్తాయి. ఇద్దరు పిల్లలున్న ఇంట్లో రెండు కార్డులు పక్కపక్కన పెట్టి చూడాలని అనిపించడం సహజం. ఈసారి ఒక్కో కార్డు విడిగా, ఆ బిడ్డ ఒక్కరితోనే కూర్చుని చూడండి. అక్క మార్కులు, అన్నయ్య ర్యాంకు ఆ పది నిమిషాల్లో ప్రస్తావనకు రానివ్వకండి. తర్వాత, సిలబస్‌తో సంబంధం లేకుండా, వాళ్లకు నచ్చింది ఏదైనా పాడమనండి, గీయమనండి, చెప్పమనండి. మధ్యలో సరిదిద్దకుండా చివరిదాకా వినండి. మీకేమి వినిపించిందో మీ పిల్లల క్లాస్ టీచర్‌కు కూడా ఒక మాట చెప్పండి. క్లాసులో 40 మంది మధ్య మాకు వినపడనిది మీకు వినపడి ఉండవచ్చు.